కంటపడకుండా బతికే హక్కు

కోనసీమలో ఓడలరేవు దగ్గర వైనతేయ గోదావరి సముద్రంలో కలుస్తుంది. ఆ తీరపు ఇసుక మీదికి చలికాలం ముదిరాక ఆలివ్ రిడ్లే తాబేళ్లు రాత్రిపూట వస్తాయి. గుంట తీసి గుడ్లు పెట్టి, మళ్ళీ ఇసుక కప్పి, తెల్లారేలోపు వెళ్ళిపోతాయి. పొద్దున్నే ఒడ్డుకు వచ్చినవాళ్లకు కనిపించేది వాటి పాకుడు గుర్తులే. ఇక్కడికి ఈశాన్యంగా, గౌతమి పాయ సముద్రంలో కలిసే వైపు, కోరింగ మడ అడవుల్లో బావురుపిల్లి ఉంది. నీళ్లలోకి దిగి చేపలు పట్టే ఈ పిల్లి రాత్రిపూటే ఎక్కువగా తిరుగుతుంది. 1978లో అభయారణ్యంగా ప్రకటించిన ఆ 235 చదరపు కిలోమీటర్లలో ఇవి 115 వరకు ఉంటాయని 2018లో కెమెరా ట్రాప్‌లు పెట్టి అంచనా వేశారు. అదే కోనసీమ నుంచి బడిపిల్లల్ని విహారయాత్రకు విశాఖ జూకి తీసుకెళ్తే, ఒక్క పూటలో సింహం, పులి, ఏనుగు, నీటిగుర్రం, మొసలి అన్నీ చూసేసి బస్సెక్కుతారు. తమ ఊరి తాబేలును చూడని పిల్లలు సింహం తమకు తెలుసనుకుంటారు. ఆ తెలియడం ఎంతవరకు నిజమో తేల్చుకోవాల్సి ఉంది. అడవి జంతువు బతుకంతా కంటపడకుండా ఉండటం మీదే నడుస్తుంది. వేటాడేదానికి చాటు ఉంటేనే తిండి, వేటకు గురయ్యేదానికి చాటు ఉంటేనే ప్రాణం. బంధించినప్పుడు మనం ముందుగా తీసేసేది ఆ చాటునే. మన చూపు కోసం దాన్ని వెలుగులో నిలబెట్టి, అలా నిలబడ్డదాన్నే సింహమని, పులి అని పిల్లలకు పరిచయం చేస్తున్నాం. ఒక జంతుశాల మంచిచెడ్డలు తూచాల్సింది ఎన్ని ఎకరాలు, ఎన్ని జాతులు అన్న లెక్కతో కాదు. అందులోని జంతువు మన కంటి నుంచి ఎంతవరకు తప్పించుకోగలదు అన్నదే కొలబద్ద కావాలని నా వాదన.

తెలుగునేల మీద ఈ చూపు ఎలా మారుతూ వచ్చిందో ముందు చూద్దాం. వీధుల్లోకి ఎలుగుబంటిని తాడుకు కట్టి తెచ్చేవాళ్లు. పిల్లల భయం పోతుందని దాని మీద ఎక్కించేవాళ్లు, దాని వెంట్రుకతో తాయెత్తు కట్టించేవాళ్లు. పాములబుట్ట, కోతి ఆట, చిలక జోస్యం ఆ కోవలోవే. పట్నాలకు సర్కస్ డేరాలు వచ్చేవి. హైదరాబాద్‌లో బాగ్-ఎ-ఆమ్ తోటలో ఉన్న జంతువులు మీర్ ఆలం చెరువు పక్కన 380 ఎకరాల్లో కట్టిన నెహ్రూ జూలాజికల్ పార్కుకు చేరాయి. 1963 అక్టోబర్‌లో దాన్ని జనానికి తెరిచారు. 1977లో విశాఖలో కంబాలకొండ పక్కన 625 ఎకరాల్లో ఇందిరాగాంధీ జూ, 1987లో తిరుపతిలో శేషాచలం కొండల పాదాన 5,500 ఎకరాలు దాటిన శ్రీ వేంకటేశ్వర జూ వచ్చాయి. ఒకవైపు ఇవి పెరుగుతుంటే మరోవైపు చట్టం వీధి ఆటల్ని కట్టడి చేసింది. 1998లో కేంద్రం ఎలుగుబంట్లు, కోతులు, పులులు, చిరుతలు, సింహాలతో ప్రదర్శనలు చేయించకూడదని ఉత్తర్వు ఇచ్చింది. సర్కస్ యజమానులు కోర్టుకెక్కారు. కేరళ హైకోర్టు 2000లో ఉత్తర్వును సమర్థించింది, 2001లో సుప్రీంకోర్టు కూడా అదే నిలబెట్టింది. కొరడా దెబ్బ క్రూరమని దేశం ఒప్పుకుంది. ఊరికే నిలబెట్టి చూడటంలో తప్పేమైనా ఉందా అన్న ప్రశ్నను మాత్రం ఎవరూ అంత గట్టిగా అడగలేదు.

ఇప్పుడు కటకటాలు లేవు కదా, కందకాలు, చెట్లు, కొలనులు ఉన్నాయి కదా అని మొదటి అభ్యంతరం వస్తుంది. నిజమే, ఇనుప ఊచల బోనుకన్నా కందకం అవతలి పచ్చిక మేలు. కానీ ఆ మార్పు ఎక్కడ, ఎందుకు మొదలైందో గుర్తుంచుకోవాలి. 1907లో హాంబర్గ్ శివారులో కార్ల్ హాగెన్‌బెక్ అనే జంతువుల వ్యాపారి ఊచలు తీసేసి, కనిపించని కందకాల వెనక సింహాలను నిలిపి ప్రపంచాన్ని ఆశ్చర్యపరిచాడు. అంతకుముందు 1870ల నుంచే అతను ఉత్తర ఐరోపా నుంచి, ఆఫ్రికా, ఆసియాల నుంచి మనుషుల్ని కూడా తెచ్చి వాళ్ల గుడిసెలతో సహా ప్రదర్శనకు పెట్టాడు. ఊచలు పోవడంతో ఎక్కువగా మారింది చూసేవాడి మనసు. సింహం స్వేచ్ఛగా ఉందన్న నమ్మకం కలిగి, అతని మనసులో ముల్లు తీసేసినట్టయింది. సింహానికి దొరికిన నాలుగు అడుగుల జాగా ఆ లాభంలో చిన్న భాగం. ఈ తర్కం చివరికి ఎక్కడికి వెళ్తుందో హైదరాబాద్ జూలోని నిశాచర జంతువుల శాలలో కనిపిస్తుంది. రాత్రిపూట మాత్రమే మేలుకునే జీవాలు పగటిపూట వచ్చే సందర్శకుడికి నిద్రపోతూ కనిపిస్తాయి కనుక, దీపాలతో వాటి పగటినీ రాత్రినీ తారుమారు చేశారు. మన టికెట్ వేళలకు తగ్గట్టు ఒక జీవి పొద్దునే తిప్పేశాం. తెల్లపులి కథ కూడా ఇలాంటిదే. అది వేరే జాతి కాదు, ఒక అరుదైన జన్యువు వల్ల వచ్చిన రంగు. 1951లో రేవా అడవుల్లో పట్టిన మోహన్ అనే కూన సంతతిని దగ్గరి రక్తసంబంధంలోనే మళ్ళీ మళ్ళీ కలిపి ఆ రంగును నిలబెట్టారు. మెల్లకన్ను వంటి లోపాలు వాటితోపాటు వచ్చాయి. అడవికి దానివల్ల ఒరిగేదేమీ లేదు. జనం గుమిగూడతారు, అంతే.

రూపం తర్వాత పేర్లు, కథలు. మన జంతుశాలల్లో పిల్ల పుడితే పేరు పెడతారు, పేరుపడిన జంతువులకు పుట్టినరోజులు చేస్తారు, కంపెనీలు, ప్రముఖులు ఏడాదికి ఇంత అని కట్టి దత్తత తీసుకుంటారు. డబ్బు జంతువు తిండికే పోతుంది కనుక దత్తతను తప్పుపట్టను. కానీ పేరు పెట్టగానే జంతువు మన గొడవల్లో పాత్ర అయిపోతుంది. 2024 ఫిబ్రవరిలో సిలిగురిలోని సఫారీ పార్కులో అక్బర్ అనే సింహాన్నీ సీత అనే ఆడ సింహాన్నీ ఒకచోట ఉంచారని కొందరు కలకత్తా హైకోర్టుకు వెళ్లారు. ఆ వ్యాజ్యం నడిచినన్నాళ్లూ దేశమంతా పేర్ల గురించి మాట్లాడింది. ఆ రెండింటి బతుకు ఎలా ఉందన్నది ఎవరికీ పట్టలేదు. మనిషి గుణాలు జంతువుకు అంటగట్టడం మనకు కొత్త కాదు. చిన్నయసూరి నీతిచంద్రికలో సింహం రాజు, నక్క మంత్రి, పావురాలు వలలో పడి ఒక్కటైతే ఎలా బయటపడవచ్చో నేర్పే గురువులు. కథలో అది ముచ్చటైన పని. కరటక దమనకులు అడవి నక్కలని ఏ పాఠకుడూ పొరబడడు. ఆ కథల చూపుతోనే నిజం జంతువు ముందు నిలబడినప్పుడు మాత్రం చిక్కు వస్తుంది. సింహం గంభీరంగా చూస్తోందంటాం, ఎలుగు దండం పెడుతోందంటాం. బోనులో ఒకే దారిలో అటూ ఇటూ తిరుగుతూనే ఉండే పులిని చూసి హుషారుగా ఉందంటాం. ఆ తిరుగుడు బందీతనం వల్ల వచ్చే అసహజ ప్రవర్తన అని జంతుశాస్త్రం ఎప్పుడో చెప్పింది. 2003లో క్లబ్, మేసన్ అనే ఇద్దరు పరిశోధకులు నేచర్ పత్రికలో వేసిన అధ్యయనం ప్రకారం, అడవిలో ఎక్కువ దూరం తిరిగే మాంసాహార జంతువులే బంధిస్తే ఎక్కువగా దెబ్బతింటాయి. ఈ సంగతి పక్కన బోర్డు మీద రాసి ఉంటే పిల్లలు చూసేది వేరుగా ఉంటుంది. బోర్డు మీద ఉండేది శాస్త్రీయ నామం, తిండి, బరువు.

దగ్గరితనం అనే భ్రమకు మనుషులు కూడా ప్రాణాలతో మూల్యం చెల్లిస్తున్నారు. 2023 నవంబర్‌లో విశాఖ జూలో ఎలుగుబంటి దాడిలో యువ సంరక్షకుడు చనిపోయాడు. 2024 ఫిబ్రవరిలో తిరుపతి జూలో సింహం ఉన్న ఆవరణలోకి దిగిన సందర్శకుడు బతకలేదు. ఈ రెండూ ఒకటి కావు. ఒకరు పని చేస్తూ పోయారు, మరొకరు గోడ దాటి పోయారు. రోజూ కనిపించే మృగం మనకు అలవాటైనంత మాత్రాన మనం దానికి అలవాటు కామన్నది మాత్రం రెండింటిలోనూ ఉంది.

సినిమా సంగతి వేరుగా చెప్పుకోవాలి, ఎందుకంటే తెలుగువాళ్లకు జంతువును చూపించడంలో జూకన్నా సినిమాదే పెద్ద చెయ్యి. 1977లో వచ్చిన అడవి రాముడులో ఏనుగులు హీరో పక్కన నిలబడ్డాయి. 1980లో సర్కస్ రాముడు సర్కస్‌నే కథ చేసుకుంది. అప్పట్లో తెర మీది జంతువంటే ఎక్కడో శిక్షణ పేరుతో దెబ్బలు తిన్న నిజం జంతువే. 2001లో ప్రదర్శన జంతువుల నమోదు నిబంధనలు వచ్చాక సినిమాలో జంతువును వాడాలంటే జంతు సంక్షేమ మండలి అనుమతి తప్పనిసరైంది. అప్పుడు సినిమావాళ్లు సణిగారు, కథలు దెబ్బతింటాయన్నారు. 2022లో ఆర్ఆర్ఆర్ వచ్చింది. అందులో కథానాయకుల్లో ఒకడైన భీమ్ వాహనంలో తెచ్చిన పులులు, జింకలు, మృగాలన్నీ తెల్లదొర భవనం మీదికి ఒక్కసారిగా దూకే సన్నివేశం ప్రపంచమంతా చూసింది. ఆ మృగాలన్నీ కంప్యూటర్‌లో గీసినవే. ఒళ్లు జలదరించడానికి ఒక్క బోను కూడా అవసరం కాలేదు. జంతువును చూడాలంటే బంధించక తప్పదు అనేవాళ్లకు మన పరిశ్రమే ఇచ్చిన జవాబు ఇది. అయితే గీసిన పులి మనం కోరినప్పుడల్లా దూకుతుంది, కోరినంతసేపు కనిపిస్తుంది. అది చూసి జూకి వెళ్లిన పిల్లలు నిద్రపోతున్న పులి మీదికి రాయి విసిరే ప్రమాదం కూడా ఉంది. బొమ్మ బోనును అనవసరం చేసింది గాని, చూపుకు ఓపిక నేర్పలేదు.

ఇక అసలైన అభ్యంతరం, సంరక్షణ. జంతుశాలలు లేకపోతే కొన్ని జాతులు అంతరించిపోతాయి అనేది తేలిగ్గా తీసేయదగిన మాట కాదు. దానికి మన దగ్గరే గట్టి రుజువు ఉంది. కుందేలంత ఉండే మూషిక జింకలను హైదరాబాద్ జూలో సీసీఎంబీ అనే జీవశాస్త్ర పరిశోధన సంస్థ శాస్త్రవేత్తల సాయంతో పెంచారు. కొద్ది జంతువులతో మొదలైన మంద వందల్లోకి పెరిగింది. 2017 నుంచి కొన్నింటిని నల్లమలలోని అమ్రాబాద్ పులుల అభయారణ్యంలో వదిలారు. ఇది నిజమైన విజయం, అందుకు ఆ సిబ్బందిని మెచ్చుకోవాలి. కానీ అది ఎలా సాధ్యమైందో చూడండి. ఆ పెంపకం సందర్శకుల కంట పడకుండా, వేరే ఆవరణలో జరిగింది. అది బిడియం ఎక్కువైన జంతువు. అంటే బందీతనం జాతికి మేలు చేసిన చోట ప్రదర్శన లేదు. సర్కస్ సింహాల విషయమూ అంతే. నిషేధం తర్వాత డేరాల నుంచి విడిపించిన సింహాలను, పులులను ఉంచడానికి కేంద్ర జూ ప్రాధికార సంస్థ విశాఖ, తిరుపతి వంటి చోట్ల రక్షణ కేంద్రాలు పెట్టించింది. ఆ సింహాల్లో చాలావరకు ఆసియా, ఆఫ్రికా జాతుల సంకరాలు కనుక పిల్లలు పుట్టకుండా చూశారు. అవి ఒక్కొక్కటిగా వయసు మీరి రాలిపోయాయి. ఆ కేంద్రాలు జనం చూడటానికి కాదు. ఒకే ప్రాంగణంలో టికెట్ కొన్నవాళ్ల ముందు ఒక సింహం, ఎవరూ చూడని గోడ వెనక ఇంకో సింహం. ఏళ్లపాటు రింగులో తిప్పినదానికి మనం చేయగలిగిన న్యాయం చూపు నుంచి తప్పించడమేనని ప్రభుత్వమే ఒప్పుకుంది. ఆ న్యాయం పక్క ఆవరణలోని సింహానికి ఎందుకు వర్తించదు?

కలివికోడి గుర్తుకు రావాల్సింది ఇక్కడే. 1900 తర్వాత ఎవరికీ కనిపించక అంతరించిందనుకున్న ఆ పక్షి 1986 జనవరిలో కడప జిల్లా లంకమల దగ్గర దొరికింది. పట్టుకున్నది ఐతన్న అనే స్థానికుడు. రాత్రి దీపం వెలుగులో దాని జాడ తెలిసిన మనిషి అతను. ఆ వార్తకు పక్షిశాస్త్ర లోకం ఉబ్బితబ్బిబ్బయింది. పట్టుకున్న పక్షి మాత్రం ఎక్కువ రోజులు బతకలేదు. ఎనభై ఏళ్లకు పైగా కంటపడకుండా బతికిన జాతిలో మన చేతికి చిక్కిన మొదటిది మన చేతుల్లోనే పోయింది. ఆ తర్వాత అక్కడ అభయారణ్యం ఏర్పాటైంది, తెలుగుగంగ కాలువ దారి మార్చారు. పక్షిని పంజరంలో చూపించకుండానే దాని పొదల్ని కాపాడే నిర్ణయాలు జరిగాయన్నది గమనించాలి.

చూడకపోతే ప్రేమ ఎలా పుడుతుంది, పేద పిల్లలకు జూ తప్ప దారేది అన్న ప్రశ్న నన్ను అన్నిటికన్నా ఎక్కువ ఆలోచింపజేసింది. నల్లమల సఫారీకి వెళ్లే స్తోమత ఉన్నవాళ్లు జూ వద్దనడం సులువు. అమలాపురం బడిలో చదివే కూలివాళ్ల బిడ్డకు సింహాన్ని చూసే అవకాశం విశాఖలోనే ఉంది. అందుకే జూలను మూసేయమని నేను అనను. అక్కడ దొరికే చూపు నాణ్యత మారాలంటాను. పొదలు, గుహలు, ఎత్తైన గడ్డి ఉన్న ఆవరణలో జంతువు కావాలంటే లోపలికి పోయేలా, పిల్లలు కాసేపు ఎదురుచూసేలా ఉంటే, పది నిమిషాలకు ఒక్కసారి తోక కనిపించినా ఆ పిల్లలు అడవి గురించి నిజం నేర్చుకున్నట్టే. కనిపించకపోతే డబ్బు దండగ అన్న భావన పెద్దవాళ్లది. మన చట్టంలో దీనికి బీజం ఉంది కూడా. వన్యప్రాణి సంరక్షణ చట్టం 38జె సెక్షన్ జూ జంతువును వేధించడం, దానికి తిండి వేయడం, గోల చేసి కలవరపెట్టడం నేరమంటుంది. వారానికి ఒక రోజు సందర్శకులను రానివ్వకూడదని నిబంధన ఉంది. హైదరాబాద్, విశాఖ జూలు సోమవారం మూసి ఉండేది అందుకే. వారంలో ఒక రోజు జంతువుకు మన కళ్ల నుంచి సెలవు కావాలని ఒప్పుకున్నప్పుడు, మిగతా ఆరు రోజుల్లో కూడా ఓ మూల దానికి దక్కాలని అడగడం అత్యాశ కాదు.

మాది జంతువుల్ని పూజించే సంస్కృతి, పడమటివాళ్ల తర్కం మాకెందుకు అని ఇంకొందరు అంటారు. పూజ ఉన్నంత మాత్రాన బందీతనం తగ్గదు. గుడి ఏనుగు ముఖానికి పట్టం కట్టి ఊరేగిస్తాం, మంద నుంచి విడిపోయి కాళ్లకు గొలుసులతో నిలబడిన జీవి అనే సంగతి ఆ అలంకారం కింద కనిపించదు. మందగా తిరిగే ఏనుగులకు జూలు తగవని 2009లో కేంద్ర జూ ప్రాధికార సంస్థే చెప్పింది. అయినా మన సంస్కృతిలోనే ఇంకో దారి ఉంది, అది నాగుల చవితి. కార్తీకంలో కోనసీమ ఊళ్లలో కొబ్బరితోటల గట్ల మీద, చేల అంచుల్లో పుట్టల దగ్గరికి ఇల్లిల్లూ కదులుతుంది. చలిమిడి, చిమ్మిలి పెడతారు. పాము బయటికి రావాలని ఎవరూ కోరరు. వస్తే భయపడతారు కూడా. పుట్టలో పాలు పోయడం పాముకు మేలు చేయదు, అది పాలు తాగే జీవి కాదు, ఆ అలవాటు మానుకుంటే మంచిది. కానీ కనిపించని జీవికి దాని ఇంటి ముందు నిలబడి దండం పెట్టి వెనక్కి తిరిగి వచ్చే ఆ మర్యాద అమూల్యమైనది. అదే పండుగనాడు కోరలు పీకిన నాగును బుట్టలో తెచ్చి పడగ విప్పించి డబ్బులడిగే ఆట కూడా మన సంస్కృతే. రెండింటిలో ఏది నిలుపుకోవాలో తేల్చుకోవాల్సింది మనమే.

ఓడలరేవు, అంతర్వేది తీరాల్లో ఇప్పటికే ఒక మంచి పద్ధతి నడుస్తోంది. తాబేలు గుడ్లను కుక్కలు, నక్కలు తవ్వకుండా అటవీశాఖ ఆధ్వర్యంలో సేకరించి, కంచె వేసిన ఇసుకలో పూడ్చి, పొదిగిన పిల్లల్ని సముద్రంలోకి వదులుతారు. ఏడెనిమిది వారాల బందీతనం, అదీ ఎవరి వినోదానికీ కాదు. అయితే ఆ వదిలే రోజు అతిథుల ఫొటోల పండుగ కాకుండా చూసుకోవాలి. పిల్ల తాబేలును అరచేతిలో పెట్టుకుని పోజులివ్వడం, ఫ్లాష్ లైట్లు వేయడం మొదలైతే ఇదీ జూ అయిపోతుంది. ఇక మరబోట్ల వలల్లో చిక్కి ఊపిరాడక చచ్చి ఒడ్డుకు కొట్టుకొచ్చే తల్లి తాబేళ్ల సంగతి ఆ ఫొటోల్లో ఎక్కడా ఉండదు. తాబేలు బయటపడే పరికరం వలకు బిగించేలా చూడటం అన్ని ఫొటోలకన్నా పెద్ద పని.

అందుకే అడుగుతున్నాను. జూ అధికారులు ప్రతి ఆవరణలో జంతువు పూర్తిగా దాక్కోగల చాటు కల్పించాలి, అది ఎక్కడి నుంచి వచ్చింది, ఎందుకు బందీగా ఉంది, అడవిలో ఎంత దూరం తిరిగేది అన్నది తెలుగులో బోర్డు మీద రాయాలి. తెల్లపులుల పెంపకం ఆపాలి. కోనసీమ బడుల ఉపాధ్యాయులు పిల్లల విహారయాత్రను ఒక ఏడాది విశాఖకు పెట్టుకుంటే మరో ఏడాది కోరింగకు పెట్టాలి. అక్కడ మడ చెట్ల మధ్య చెక్కబాట మీద నడుస్తుంటే బావురుపిల్లి కనిపించదు, అది ఉన్న చోటు మాత్రం కనిపిస్తుంది. ఇంట్లో పంజరంలో రామచిలుకను పెంచుతున్నవాళ్లు ఒక్క సంగతి తెలుసుకోవాలి. దేశంలోని అడవి చిలుకలను పట్టడం, అమ్మడం, పెంచడం వన్యప్రాణి సంరక్షణ చట్టం ప్రకారం నేరం. దాన్ని అటవీశాఖకు అప్పగించండి. ఏళ్లుగా పంజరంలో ఉన్న పక్షి ఒక్కసారిగా బయట బతకలేదు కనుక మీరే తలుపు తీసి వదిలేయకండి.